ఒబెర్గ్‌ఫోలా, నెరియసా, ఫెల్కెనా? జర్మన్ మహిళా జావెలిన్ త్రోయర్లలో ముందు ఎవరి కెరీర్ చదవాలి

నీరజ్ చోప్రా టోక్యోలో 87.58 మీటర్లు విసిరిన దగ్గర్నుంచి మన దగ్గర జావెలిన్ గురించి వెతికి చదివేవాళ్లు బాగా పెరిగారు. ఆయనకు కోచింగ్ ఇచ్చిన ఉవె హోన్, క్లాస్ బార్టోనియెట్జ్ ఇద్దరూ జర్మన్లే కాబట్టి, కాస్త లోతుకు వెళ్లినవాళ్లెవరైనా చివరికి జర్మనీ దగ్గరే తేలతారు. అక్కడ అమ్మాయిల జావెలిన్ చరిత్ర తెరిస్తే అసలు చిక్కు మొదలవుతుంది. రూత్ ఫుక్స్, పెట్రా ఫెల్కె, సిల్కె రెంక్, స్టెఫీ నెరియస్, క్రిస్టీనా ఒబెర్గ్‌ఫోల్, లిండా స్టాల్, కథరీనా మోలిటర్, క్రిస్టిన్ హుసోంగ్... ఒక్కొక్కరిదీ ఒక్కో దారి. ఇంట్లో ఈటె విసిరే అమ్మాయి ఉండి ఎవరి కెరీర్ చూపించాలా అని ఆలోచిస్తున్న తల్లిదండ్రులకైనా, స్కూల్లో పిల్లల్ని తయారుచేసే పీఈటీ సార్లకైనా, ఊరికే ఆట మీద ఇష్టంతో చదివేవాళ్లకైనా ఇందులో ఒకరితో మొదలుపెట్టడం మేలు.

నా సమాధానం ముందే చెప్పేస్తాను: ఎక్కువమందికి క్రిస్టీనా ఒబెర్గ్‌ఫోల్. ఆమె కంటే ఎక్కువ దూరం విసిరినవాళ్లున్నారు, ఒలింపిక్ స్వర్ణం గెలిచినవాళ్లూ ఉన్నారు, ఆమెకు ఆ స్వర్ణం లేదు. అయినా ఎందుకు ఆమే అన్నది కింద చెబుతాను. మీ అవసరం వేరైతే మీకు సరిపోయే పేరు కూడా వేరే అవుతుంది.

దేన్ని బట్టి పోల్చాలి

మొట్టమొదట చూడాల్సింది ఏ జావెలిన్‌తో విసిరారు అన్నది. మహిళల జావెలిన్ బరువు అప్పుడూ ఇప్పుడూ 600 గ్రాములే. కానీ 1999లో దాని డిజైన్ మార్చి గరిమనాభిని (బరువు సమంగా తూగే బిందువుని) ముందుకు జరిపారు. దాంతో మొన తొందరగా కిందికి వాలుతుంది, గాల్లో తేలుతూ పోవడం తగ్గింది, నేలకు గుచ్చుకోవడం పెరిగింది, దూరాలు కూడా తగ్గాయి. అందుకే ప్రపంచ రికార్డును అక్కడి నుంచి కొత్తగా లెక్కపెట్టారు. దీని ప్రభావం ఎంతో తెలియాలంటే ఒక్క అంకె చాలు: 1988 సోల్ ఒలింపిక్స్‌లో తూర్పు జర్మనీకి చెందిన బెయాటె కోచ్ 67.30 మీటర్లు విసిరితే కాంస్యం వచ్చింది, 2009 బెర్లిన్‌లో నెరియస్ సరిగ్గా అదే 67.30తో ప్రపంచ చాంపియన్ అయింది. రెండు కాలాల దూరాల్ని పక్కపక్కన పెట్టి ఈమె గొప్ప, ఆమె తక్కువ అనేవాళ్ల మాట పట్టించుకోకండి.

రెండోది, నా దృష్టిలో అన్నిటికంటే ముఖ్యమైనది: పెద్ద ఫైనల్ రోజున వచ్చిన దూరానికీ, ఆ మనిషి పర్సనల్ బెస్ట్‌కీ మధ్య తేడా ఎంత. ఇక్కడ చెప్పుకునే ఫైనల్స్ నాటి పద్ధతిలో జావెలిన్ ఫైనల్లో 12 మంది ఉండేవారు, తలా మూడు త్రోలు, మొదటి ఎనిమిది మందికే ఇంకో మూడు. మే నెలలో ఏదో మీట్‌లో అద్భుతంగా విసిరిన చెయ్యి ఆగస్టులో ఆ మొదటి మూడు త్రోల్లో పనిచేయకపోతే అంతే సంగతులు. ఆ తర్వాత కెరీర్ ఎన్నేళ్లు సాగింది, మధ్యలో చదువు, ఉద్యోగం, బిడ్డ, ఇంకో ఆట లాంటివి ఎలా ఇమిడాయి అన్నది చూడాలి. చివరగా డోపింగ్ సంగతి. జర్మనీ గురించి మాట్లాడుతూ దాన్ని దాటేసి పోలేం.

| క్రీడాకారిణి | పర్సనల్ బెస్ట్ | పెద్ద విజయం | ఆ రోజు దూరం | జావెలిన్ |
|---|---|---|---|---|
| రూత్ ఫుక్స్ | 69.96 | ఒలింపిక్ స్వర్ణాలు 1972, 1976 | 63.88, 65.94 | పాతది |
| పెట్రా ఫెల్కె | 80.00 | ఒలింపిక్ స్వర్ణం 1988 | 74.68 | పాతది |
| స్టెఫీ నెరియస్ | 68.34 | ప్రపంచ స్వర్ణం 2009 | 67.30 | కొత్తది |
| క్రిస్టీనా ఒబెర్గ్‌ఫోల్ | 70.20 | ప్రపంచ స్వర్ణం 2013 | 69.05 | కొత్తది |
| కథరీనా మోలిటర్ | 67.69 | ప్రపంచ స్వర్ణం 2015 | 67.69 | కొత్తది |
| లిండా స్టాల్ | 67.32 | యూరోపియన్ స్వర్ణం 2010 | 66.81 | కొత్తది |
| క్రిస్టిన్ హుసోంగ్ | 69.19 | యూరోపియన్ స్వర్ణం 2018 | 67.90 | కొత్తది |

నెరియస్ పర్సనల్ బెస్ట్ కొత్త జావెలిన్‌తో విసిరినది. ఆమె కెరీర్ మాత్రం రెండు రకాల జావెలిన్ల మీదుగా సాగింది.

క్రిస్టీనా ఒబెర్గ్‌ఫోల్: వరసగా రజతాలు, ఆ తర్వాత స్వర్ణం

1981లో నైరుతి జర్మనీలోని లార్‌లో పుట్టింది, ఆడింది ఆ పక్కనే ఉన్న ఆఫెన్‌బర్గ్ తరఫున. 2005 హెల్సింకి ప్రపంచ చాంపియన్‌షిప్ ఫైనల్ దాకా ఆమె పేరు జర్మనీ బయట పెద్దగా ఎవరికీ తెలియదు. 23 ఏళ్ల వయసు, అప్పటిదాకా 70 మీటర్ల దరిదాపుల్లోకి కూడా రాని అమ్మాయి, ఆ రోజు 70.03 విసిరింది. యూరోపియన్ రికార్డు అది! మామూలుగా అయితే అంత దూరానికి స్వర్ణం ఖాయం. కానీ అదే ఫైనల్లో క్యూబాకు చెందిన ఒస్లీడిస్ మెనెండెజ్ 71.70తో ప్రపంచ రికార్డు కొట్టింది. జీవితంలో మొదటిసారి 70 దాటిన రోజున కూడా రెండో స్థానమే.

2007 జూన్‌లో మ్యూనిక్‌లో యూరోపియన్ కప్‌లో 70.20 విసిరింది. కొత్త జావెలిన్‌తో జర్మన్ రికార్డు అదే. రెండు నెలలు దాటాక ఒసాకా ప్రపంచ చాంపియన్‌షిప్‌లో 66.46 దగ్గర ఆగింది, చెక్ క్రీడాకారిణి బార్బొరా ష్పొటాకొవా 67.07తో గెలిచింది. మళ్లీ రజతం. 2008 బీజింగ్ ఒలింపిక్స్‌లో ష్పొటాకొవా, రష్యాకు చెందిన మరియా అబకుమోవా ఇద్దరూ 70 దాటారు, ఒబెర్గ్‌ఫోల్ 66.13తో కాంస్యం తీసుకుంది. (అబకుమోవా డోపింగ్ శాంపిల్‌ను తర్వాత మళ్లీ పరీక్షించి 2016లో ఆమెను అనర్హురాలిగా తేల్చాక ఒబెర్గ్‌ఫోల్‌కు రజతం దక్కింది. ఎనిమిదేళ్ల తర్వాత వచ్చిన పతకం పోడియం మీద నిలబడే ఆ నిమిషాన్ని తిరిగి ఇవ్వదు, ఇది తలుచుకున్నప్పుడల్లా నాకు కోపం వస్తుంది.) 2009లో సొంత దేశంలో, బెర్లిన్‌లో, ఐదో స్థానం. అక్కడ గెలిచింది సహచరి నెరియస్. 2010 బార్సిలోనా యూరోపియన్ చాంపియన్‌షిప్‌లో రజతం, ఈసారి స్వర్ణం ఇంకో సహచరి లిండా స్టాల్‌కు. 2012 యూరోపియన్‌లో రజతం. అదే ఏడాది లండన్ ఒలింపిక్స్‌లో 65.16తో మళ్లీ రజతం.

జర్మన్ పత్రికలు ఎప్పుడూ రెండో స్థానమే అని ఆమె గురించి రాస్తూ ఉన్న రోజులవి. మీ అమ్మాయి రాష్ట్ర స్థాయిలో వరసగా రెండో స్థానంలో వస్తూ ఇక మానేస్తానంటుంటే, ఈ ఏడేళ్లని అంకెలతో సహా ఆమె ముందు పెట్టండి.

2013 ఆగస్టులో మాస్కోలో 69.05. రెండో స్థానంలో ఉన్న ఆస్ట్రేలియన్ కిమ్ మికిల్ 66.60 దగ్గర ఉంది, అంటే దాదాపు రెండున్నర మీటర్ల తేడా. అప్పటికి ఒబెర్గ్‌ఫోల్‌కు 31 ఏళ్లు. ఇక్కడ గమనించాల్సింది ఒకటుంది: స్వర్ణం తెచ్చిన ఆ త్రో హెల్సింకిలో రజతం తెచ్చిన త్రో కంటే దాదాపు మీటరు తక్కువ. ఎనిమిదేళ్లలో ఆమె బలం పెరిగిందనో టెక్నిక్ పూర్తిగా మారిపోయిందనో చెప్పడం కంటే, ఫైనల్ రోజు తన మామూలు స్థాయి నుంచి నాలుగైదు మీటర్లు జారిపోయే అలవాటు పోయిందని చెప్పడం సరైన లెక్క. ఆ ఏడాది జర్మనీలో ఉత్తమ క్రీడాకారిణిగా ఎన్నికైంది.

అదే 2013లో పెళ్లి. భర్త బోరిస్ హెన్రీ కూడా జావెలిన్ త్రోయరే, 1995, 2003 ప్రపంచ చాంపియన్‌షిప్‌లలో కాంస్యాలు గెలిచినవాడు, కోచ్ కూడా. పెళ్లయ్యాక ఆయనే భార్య ఇంటిపేరు తీసుకుని బోరిస్ ఒబెర్గ్‌ఫోల్ అయ్యాడు. 2014లో బిడ్డ పుట్టడంతో ఆ సీజన్ మొత్తం ఆగింది. 2015లో తిరిగొచ్చి బీజింగ్ ప్రపంచ చాంపియన్‌షిప్‌లో 64.61తో నాలుగో స్థానం, 2016 రియోలో ఎనిమిదో స్థానం, ఆ తర్వాత రిటైర్మెంట్. బిడ్డ పుట్టిన మరుసటి ఏడాదే ప్రపంచంలో నాలుగో స్థానం అంటే చిన్న విషయం కాదు, కానీ ఆమె గురించి రాసేవాళ్లు దీన్ని ఒక్క లైనులో తేల్చేస్తారు.

ఈ కెరీర్‌లో లోటు ఏంటంటే ఒలింపిక్ స్వర్ణం లేకపోవడం. పైపైన పతకాల పట్టిక చూసేవాళ్లకు ఇది నచ్చకపోవచ్చు. నేర్చుకోవడానికి మాత్రం ఇంతకంటే నిండైన కెరీర్ ఈ వరసలో లేదు.

స్టెఫీ నెరియస్: ఆలస్యంగా వచ్చినవాళ్ల కోసం

వయసు ఇరవై అయిదు దాటింది, ఇంకా పెద్ద పతకం రాలేదు, ఇంట్లో ఉద్యోగం చూసుకో అంటున్నారు. ఇలాంటి టెన్షన్‌లో ఉన్నవాళ్లు ఒబెర్గ్‌ఫోల్‌ను పక్కనపెట్టి ముందు నెరియస్‌ను చదవండి.

1972లో బాల్టిక్ సముద్రంలోని రూగెన్ దీవిలో, అప్పటి తూర్పు జర్మనీలో పుట్టింది. జర్మనీలు కలిశాక ఆమె కెరీర్ లెవర్కూసెన్‌లో, కోచ్ హెల్గె త్సోల్‌కావ్ దగ్గర నిలదొక్కుకుంది. 2000 సిడ్నీ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానం. 2002 యూరోపియన్ రజతం వచ్చేసరికి 30 ఏళ్లు నిండాయి. 2003, 2005, 2007 ప్రపంచ చాంపియన్‌షిప్‌లలో వరసగా మూడు కాంస్యాలు, మధ్యలో 2004 ఏథెన్స్ ఒలింపిక్స్‌లో 65.82తో రజతం. విచిత్రం చూడండి, 2006 గోథెన్‌బర్గ్‌లో యూరోపియన్ స్వర్ణం గెలిచినప్పుడు కూడా ఆమె విసిరింది 65.82 మీటర్లే. ఒకచోట రెండో స్థానం, ఇంకోచోట మొదటి స్థానం, దూరం మాత్రం సెంటీమీటరు తేడా లేదు. ఆమె గొప్పతనమంతా ఈ నిలకడలోనే ఉంది. పెద్ద ఫైనల్ అంటే 62 నుంచి 67 మధ్య ఏదో ఒకటి కచ్చితంగా వస్తుంది, మిగతావాళ్లు జారితే పతకం ఆమెదే.

2009 బెర్లిన్ ఆమె చివరి ప్రపంచ చాంపియన్‌షిప్. ఆ సీజన్ తర్వాత ఆపేస్తానని ముందే చెప్పింది. 37 ఏళ్ల వయసులో ఫైనల్ మొదటి త్రోనే 67.30. ష్పొటాకొవా, అబకుమోవా మిగతా త్రోలన్నీ వాడుకున్నా దాన్ని అందుకోలేకపోయారు. మొదటి త్రోనే గట్టిగా పడితే ఎదుటివాళ్ల చేతులు ఎలా బిగుసుకుపోతాయో చూడాలంటే ఈ ఫైనల్ చూడండి. ఆ ఏడాది జర్మనీ ఉత్తమ క్రీడాకారిణి ఆమే.

నెరియస్ విషయంలో ఇంకో మంచి సంగతి ఆట ఆపాక ఆమె చేసిన పని. పారా అథ్లెట్లకు కోచ్‌గా స్థిరపడింది, కృత్రిమ కాలితో లాంగ్‌జంప్‌లో పారాలింపిక్ స్వర్ణాలు గెలిచిన మార్కుస్ రేమ్ ఆమె దగ్గర తయారైనవాడే. కోచింగ్ వైపు వెళ్దామనుకునే అమ్మాయిలకు ఈ ఒక్క కారణం చాలు ఆమెను ఎంచుకోవడానికి. పరిమితి కూడా చెప్పాలి: ఇది నెమ్మదిగా నడిచే కథ, పదిహేనేళ్ల పిల్లకు చూపిస్తే విసుగు రావచ్చు.

ఫెల్కె, ఫుక్స్: రికార్డుల కోసం చదివేవాళ్లకు

ఇద్దరూ తూర్పు జర్మనీ, ఇద్దరూ యెనా నగరంలోని మోటార్ యెనా క్లబ్. ఫుక్స్ 1972 మ్యూనిక్, 1976 మాంట్రియల్‌లలో వరసగా ఒలింపిక్ స్వర్ణాలు గెలిచింది. 2012లో ష్పొటాకొవా సమం చేసేదాకా ఇంకే మహిళా అలా రెండుసార్లు గెలవలేదు. మహిళలు 65 మీటర్లు దాటడం మొదలైంది కూడా ఆమెతోనే, 1972 జూన్‌లో పోట్స్‌డామ్‌లో 65.06తో.

పెట్రా ఫెల్కె 1988 సెప్టెంబర్ 9న, అదే పోట్స్‌డామ్‌లో, సరిగ్గా 80.00 మీటర్లు విసిరింది. చరిత్రలో 80 అందుకున్న మహిళ ఆమె ఒక్కతే. కొత్త జావెలిన్‌తో ప్రపంచ రికార్డు 72.28 కాబట్టి ఆ 80 అలాగే మిగిలిపోయింది. కానీ ఫెల్కె కెరీర్‌లో నన్ను ఎక్కువగా ఆపిన అంకె 80 కాదు, 1987లోని ఒక తేడా. ఆ జులైలో లైప్జిగ్‌లో 78.90తో ప్రపంచ రికార్డు కొట్టింది, నెల తర్వాత రోమ్ ప్రపంచ చాంపియన్‌షిప్‌లో 71.76 దగ్గరే ఆగిపోయి బ్రిటన్‌కు చెందిన ఫాతిమా విట్‌బ్రెడ్‌కు స్వర్ణం వదిలేసింది. ఏడు మీటర్ల తేడా! మరుసటి ఏడాది సోల్‌లో 74.68తో అదే విట్‌బ్రెడ్‌ను ఓడించి ఒలింపిక్ స్వర్ణం తెచ్చుకుంది.

ఇక డోపింగ్. తూర్పు జర్మనీలో ప్రభుత్వమే పద్ధతి ప్రకారం క్రీడాకారులకు మందులు ఇప్పించిందని, అందులో ఏమిస్తున్నారో తెలియని మైనర్లు కూడా ఉన్నారని బెర్లిన్ గోడ కూలాక పత్రాలతో సహా బయటపడింది. ఫుక్స్ తాను స్టెరాయిడ్లు వాడినట్టు తర్వాత ఒప్పుకుంది కూడా. (ఆమె ఆ తర్వాత రాజకీయాల్లోకి వెళ్లి జర్మన్ పార్లమెంటు సభ్యురాలిగా పనిచేసింది, 2023లో చనిపోయింది.) అందుకని ఆ కాలపు దూరాల్ని పిల్లల ముందు లక్ష్యంగా పెట్టడం నాకు అస్సలు ఇష్టం ఉండదు. క్రీడా చరిత్ర మీద ఆసక్తి ఉన్న పెద్దవాళ్లు, డోపింగ్ గురించి రాయాలనుకునేవాళ్లు తప్పక చదవాలి. ట్రైనింగ్ కోసం చదివేవాళ్లకు మాత్రం నేను సిఫారసు చేయను.

ఆ తర్వాతి మలుపు సిల్కె రెంక్. దేశం కలిశాక 1992 బార్సిలోనాలో 68.34తో, కేవలం 8 సెంటీమీటర్ల తేడాతో గెలిచింది. మహిళల జావెలిన్‌లో జర్మనీకి ఒలింపిక్ స్వర్ణం మళ్లీ రాలేదు.

మోలిటర్, స్టాల్: రెండు పడవల ప్రయాణం కుదిరినవాళ్లు

కథరీనా మోలిటర్ జావెలిన్‌తో పాటు వాలీబాల్ కూడా గట్టిగా ఆడింది, అదీ లెవర్కూసెన్ జట్టు తరఫున లీగ్ స్థాయిలో. 2015 బీజింగ్ ప్రపంచ చాంపియన్‌షిప్ ఫైనల్లో చైనాకు చెందిన ల్యూ హ్వీహ్వీ 66.13తో ముందుంటే, ఆఖరి త్రోలో 67.69 విసిరి స్వర్ణం లాక్కుంది. జీవితంలో ఆమె విసిరిన అతి పెద్ద త్రో ప్రపంచ ఫైనల్ చివరి త్రోగా పడింది. అయితే మరుసటి ఏడాది రియోకు జర్మనీ పంపిన ముగ్గురిలో ఆ ప్రపంచ చాంపియనే లేదు. కోర్టుకు వెళ్లినా ఫలితం రాలేదు. సెలెక్షన్ బాధలు మన దగ్గరే అనుకునేవాళ్లు ఇది చదవాలి.

లిండా స్టాల్ మెడిసిన్ చదువుతూ ఆడింది, డాక్టర్ అయింది. 2010 యూరోపియన్ స్వర్ణం, 2012 లండన్‌లో 64.91తో కాంస్యం. నీట్ పుస్తకాల పక్కన స్పైక్స్ పెట్టుకున్న అమ్మాయి ఇంట్లో ఉంటే ఇంకెవరి గురించీ చెప్పకండి, స్టాల్ గురించి చెప్పండి చాలు.

క్రిస్టిన్ హుసోంగ్: చిన్నవయసులోనే మెరిసినవాళ్లకు, వాళ్ల నాన్నలకు

1994లో పుట్టిన హుసోంగ్ త్స్వైబ్రుకెన్‌లో తండ్రి ఊడో కోచింగ్‌లోనే పెరిగింది. 2011లో ప్రపంచ యూత్ చాంపియన్, 2015లో అండర్ 23 యూరోపియన్ చాంపియన్, 2018 బెర్లిన్‌లో మొదటి త్రోకే 67.90తో సీనియర్ యూరోపియన్ చాంపియన్. మన అన్నూ రాణి ఎనిమిదో స్థానంలో నిలిచిన 2019 దోహా ప్రపంచ ఫైనల్లో హుసోంగ్ 65.21తో నాలుగోది, కాంస్యానికి 28 సెంటీమీటర్ల దూరంలో ఆగింది. 2021 మేలో 69.19 విసిరి ఒలింపిక్ ఫేవరెట్లలో ఒకరిగా టోక్యో వెళ్లి, అక్కడ 60 మీటర్లు కూడా దాటలేక తొమ్మిదో స్థానంలో మిగిలింది. చివరి మూడు త్రోలు దక్కాలంటే ఎనిమిదిలో ఉండాలి, ఆమె తొమ్మిదిలో ఉంది.

తండ్రే కోచ్‌గా ఉన్న ఇళ్లు మన దగ్గరా చాలా ఉన్నాయి. ఇంటి దగ్గరే ట్రైనింగ్ ఉంటే చిన్నప్పుడు ఎంత లాభమో ఈ కెరీర్‌లో స్పష్టంగా కనిపిస్తుంది. ఒలింపిక్ వేదిక మీద ఏం జరిగిందో చూసి ఇదంతా తండ్రి కోచింగ్ వల్లే అని తీర్పు చెప్పడం మాత్రం తొందరపాటు. ఒక్క చెడ్డ రోజు ఫెల్కెకూ వచ్చింది, ఒబెర్గ్‌ఫోల్‌కు ఎన్నిసార్లు వచ్చిందో పైన చూశారు.

ఎవరికి ఎవరు

జూనియర్ స్థాయిలో విసురుతున్న అమ్మాయికి ఒబెర్గ్‌ఫోల్, ఆ వెంటనే హుసోంగ్. ఇద్దరి పెద్ద ఫైనల్స్‌నీ పక్కపక్కన పెట్టి చూస్తే ఉపయోగం రెట్టింపు. పాతికేళ్లు దాటినవాళ్లకు, కోచ్ అవుదామనుకునేవాళ్లకు నెరియస్. చదువు వదలొద్దనే తల్లిదండ్రులకు స్టాల్, పిల్ల రెండు ఆటల మధ్య ఊగుతుంటే మోలిటర్. అప్పుడే ఒక ఆట మానిపించేయకండి. చరిత్ర కోసం చదివేవాళ్లకు ఫెల్కె, ఫుక్స్, డోపింగ్ నేపథ్యంతో కలిపి.

పీఈటీ సార్లకు ఒక మాట. ఎవరిని ఎంచుకున్నా బెస్ట్ త్రో ఒక్కటే పిల్లలకు చెప్పి వదిలేయకండి. ఆ ఫైనల్లో ఆరు త్రోలూ ఎలా పడ్డాయో, ఎన్ని ఫౌల్ అయ్యాయో, పెద్ద త్రో ఎన్నో ప్రయత్నంలో వచ్చిందో బోర్డు మీద రాసి చూపించండి. సమయం ఒక్క సాయంత్రమే ఉంటే రెండే ఫైనల్స్ చూడండి: ఒబెర్గ్‌ఫోల్‌వే, 2007 ఒసాకా ఒకటి, 2013 మాస్కో ఇంకొకటి. ముందు ఒసాకాదే పెట్టండి.